కథకురాలు, స్వరకర్త: భానుమతీ రామకృష్ణ

చలనచిత్రం ఆరంభం కాగానే తెర మీద పేర్ల పట్టిక ఒకటి సాగిపోతుంది. ప్రేక్షకులు చీకటిలో తమ స్థానాలు వెదుక్కొంటూ ఉండగానే అది ముగిసిపోతుంది. నటీనటుల పేర్లు చదువకపోయినా నష్టం లేదు. ముఖాలు చూచి గుర్తు పట్టవచ్చును. కథ ఎవరు కల్పించినారో, పాటకు వరుస ఎవరు కట్టినారో ఆ పట్టిక చదివినవారికే తెలుస్తుంది. తొలినాటి తెలుగు చిత్రాల పట్టికలను తిరగవేసి చూస్తే స్త్రీల పేర్లు సాధారణంగా రెండు చోట్లనే కనిపిస్తాయి: నటీమణుల వరుసలో ఒకసారి, గాయనుల వరుసలో ఒకసారి. కథ, దర్శకత్వం, సంగీతం అనే మూడు పీఠాలూ పురుషులవి. ఆ మూడు చోట్లా తన పేరు వ్రాయించుకొన్న తెలుగు మహిళ శ్రీమతి భానుమతీ రామకృష్ణ.

భానుమతి అనగానే లోకానికి జ్ఞాపకం వచ్చేది మల్లీశ్వరి. ఆ ఠీవి, ఆ కంఠం, ఎవరికీ తలవంచని ఆ చూపు అందరికీ తెలిసినవే. కాని నటన ఆమె కళలో ఒక పార్శ్వం మాత్రమే. ఆమె కథ వ్రాసినారు. ఆ కథకు దృశ్యరూపం కల్పించినారు. పాటలకు వరుసలు కూర్చినారు. ఆ వరుసలను తానే పాడి, ఆ పాటలకు తానే అభినయించినారు. మాట పుట్టిన చోటు నుండి పాట పూర్తయ్యే చోటు వరకు దారి అంతా తన చేతిలో ఉండవలెనన్నది ఆమె జీవితమంతా పట్టిన పట్టు. ఆ పట్టు వలన ఆమెకు దక్కినది ఎంతో కలదు. పోయినదీ కొంత కలదు.

భానుమతి 1925 సెప్టెంబరు 7వ తేదీన ఒంగోలుకు సమీపమందలి దొడ్డవరం గ్రామంలో జన్మించారు. తండ్రి బొమ్మరాజు వెంకటసుబ్బయ్య, తల్లి సరస్వతమ్మ. వెంకటసుబ్బయ్య సంగీతమంటే ప్రాణం పెట్టే మనిషి. రంగస్థలం మీద అభిరుచి కలవాడు. కుమార్తెకు ఊహ తెలిసిన నాటి నుండే ఆయన శాస్త్రీయ సంగీతం నేర్పించారు. ఆడపిల్ల గొంతు ఇంటి గడప దాటరాదని భావించే సంసారాలు కోకొల్లలుగా ఉన్న ఆ రోజులలో, బిడ్డ గొంతును నలుగురికీ వినిపించవలెనని తండ్రి కోరుకొనడమే ఒక విశేషం. గ్రామఫోను పెట్టెలూ, నాటక సమాజాలూ పల్లెలకు కొత్త బాణీలను మోసుకొనివస్తున్న కాలమది. శాస్త్రం ఒక చెవిన, జనం నోట నలిగే వరుస మరియొక చెవిన వింటూ పెరిగిన బాలిక ఆమె.

1939లో కలకత్తా ఈస్టిండియా ఫిలిం కంపెనీవారు చిత్తజల్లు పుల్లయ్య దర్శకత్వంలో 'వరవిక్రయం' నిర్మించారు. కాళ్ళకూరి నారాయణరావు వరకట్న దురాచారాన్ని చీల్చి చెండాడిన నాటకం అది. ఆ చిత్రంలో అక్క కాళింది పాత్రకు భానుమతి ఎన్నికైనారు. అప్పటికి ఆమెకు పద్నాలుగేళ్ళు నిండలేదు. కుమార్తెను సినిమాకు పంపడానికి వెంకటసుబ్బయ్య గట్టి షరతులే పెట్టినారు. కథానాయకుడు ఆమెను తాకి నటించే సన్నివేశాలు ఉండరాదన్నది వాటిలో ఒకటి.

నాటకంలో కాళింది కట్నమిచ్చి కొనే పెండ్లిని సహింపలేక నూతిలో పడి ప్రాణం విడుస్తుంది. చెల్లెలు కమల బ్రదికి నిలిచి, డబ్బిచ్చి కొన్న మగనిని కొన్న వస్తువు వలెనే చూచి అత్తవారికి బుద్ధి గరపుతుంది. తెర మీద కాళిందిగా కన్నుమూసిన ఆ బాలిక జీవితంలో ఎన్నుకొన్నది మాత్రం కమల మార్గం. బ్రదికి నిలిచి, తన మాట నెగ్గించుకొనడమే ఆమె నడచిన దారి.

'మాలతీ మాధవం', 'ధర్మపత్ని', 'భక్తిమాల' చిత్రాల తరువాత 'కృష్ణప్రేమ'లో నటిస్తున్న కాలంలో, ఆ చిత్రానికి సహాయ దర్శకులుగా పనిచేస్తున్న పి. ఎస్. రామకృష్ణారావుతో పరిచయమేర్పడినది. 1943 ఆగస్టు 8వ తేదీన వారి వివాహం జరిగినది. ఇక సినిమాలు చాలించి గృహిణిగా ఉండిపోదామని ఆమె తలపెట్టినారు. ఆ సంకల్పాన్ని మార్చినది బి. ఎన్. రెడ్డి 'స్వర్గసీమ'. 1945లో విడుదలైన ఆ చిత్రంలో ఆమెది వీధిలో ఆడి పాడే పిల్ల నాగరిక రంగస్థలం మీద తారగా వెలిగే పాత్ర. పావురాన్ని ఉద్దేశించి ఆమె పాడిన పాట ఆంధ్రదేశమంతటా మారుమ్రోగినది. ఆ వరుసలో పాశ్చాత్య సంగీతపు ఛాయ కలదు. కర్ణాటక సంగీతంలో పండిన గొంతు పరాయి బాణీని తనదిగా చేసుకొని పలికించిన తీరు శ్రోతలకు కొత్త రుచి చూపినది.

భానుమతీ రామకృష్ణులు తమ కుమారుని పేర భరణీ సంస్థను నెలకొల్పినారు. తరువాత మద్రాసు సాలిగ్రామంలో భరణీ స్టూడియో వెలసినది. తొలి చిత్రం 'రత్నమాల'. దాని వెంట 1949లో 'లైలా మజ్ను'. సముద్రాల రాఘవాచార్య మాటలూ పాటలూ, సి. ఆర్. సుబ్బరామన్ సంగీతం ఆ చిత్రాలకు ప్రాణం పోసినవి. అరేబియా ఎడారి ప్రేమకథను తెలుగువారు తమ ఇంటి కథ వలె విని కంట తడి పెట్టినారు.

స్వంత సంస్థ స్థాపించడం వలన భానుమతికి కలిగిన లాభం ధనం ఒక్కటే కాదు. ఇతరుల చిత్రంలో నటి తన పని ముగియగానే ఇంటికి పోవలసినదే. స్వంత స్టూడియోలో కథాచర్చ మొదలు కూర్పు గది వరకు ప్రతి తలుపూ ఆమెకు తెరచి ఉండెడిది. సన్నివేశం ఎక్కడ మొదలు కావలెనో, పాట ఎక్కడ రావలెనో, ఒక చూపును ఎన్ని క్షణాలు నిలుపవలెనో ఆమె నేర్చినది ఆ బడిలోనే. ఆ మధ్యనే, 1951లో, వాహినీవారి 'మల్లీశ్వరి' వచ్చినది. దేవులపల్లి కృష్ణశాస్త్రి మాట, సాలూరి రాజేశ్వరరావు స్వరం, భానుమతి కంఠం ఒకదానికొకటి అమరిన ఆ చిత్రం పాట కథకు అలంకారం మాత్రమే కాదని, పాటయే కథను నడిపించగలదని రుజువు చేసినది.

1953లో భానుమతి 'చండీరాణి' విడుదలైనది. కథ ఆమెదే, దర్శకత్వం ఆమెదే. కవలలైన అక్కచెల్లెండ్ర పాత్రలు రెండూ ఆమెవే. ఎన్. టి. రామారావు కథానాయకుడు. ఒకతె మెత్తని స్వభావం కలది, మరియొకతె కత్తి పట్టిన సాహసి. ఇంత బరువు చాలదన్నట్లు ఆ చిత్రాన్ని తెలుగు, తమిళం, హిందీ భాషలలో ఒకేసారి నిర్మించారు. తాను కెమెరా ఎదుట నిలిచి నటించవలె. మరుక్షణం కెమెరా వెనుకకు వచ్చి ఆ నటన తీరు నిర్ణయించవలె. పాత్రలు రెండు, భాషలు మూడు. ఆ శ్రమ ఎంతటిదో ఊహించుకొనవచ్చును. అప్పటికి ఆమెకు ఇరువదియెనిమిదేళ్ళు నిండలేదు. తెలుగు చిత్రానికి దర్శకత్వం వహించిన తొలి మహిళగా చరిత్ర ఆమెను గుర్తించినది.

ఆమెకు ముందు భారతదేశంలో ఈ త్రోవ తొక్కిన మహిళలు లేకపోలేదు. మూకీల కాలంలో, 1926లో, బొంబాయిలో ఫాత్మా బేగం చిత్రాన్ని నిర్మించి దర్శకత్వం వహించినది. తమిళంలో టి. పి. రాజలక్ష్మి 1936లో 'మిస్ కమల' తీసినది. బాంబే టాకీస్ చిత్రాలకు సరస్వతీదేవి సంగీతం కూర్చినది. కాని వీరంతా వ్రేళ్ళ మీద లెక్కింపదగినవారు. కథ, దర్శకత్వం, సంగీతం, గానం, నటన, నిర్మాణం అన్నీ ఒకే వ్యక్తిలో కలసి రావడం దేశం మొత్తం మీదనే అరుదు.

'చండీరాణి' నిర్మాణకాలంలోనే ఒక విషాదం జరిగినది. సంగీత దర్శకుడు సుబ్బరామన్ 1952లో ముప్పదియేళ్ళైనా నిండకుండానే కన్నుమూసినారు. మిగిలిన పనిని ఎం. ఎస్. విశ్వనాథన్ పూర్తి చేసినారు. భరణీవారి తరువాతి చిత్రాలలో ఒకటైన 'చక్రపాణి'కి, 1954లో, సంగీత దర్శకత్వం భానుమతి తానే వహించారు. దర్శకులు రామకృష్ణారావు, కథానాయకుడు అక్కినేని నాగేశ్వరరావు. మునిమనుమడు పుట్టిన పక్షంలోనే ఆస్తి ఇస్తానని భీష్మించిన పిసినారి తాతగా సి. ఎస్. ఆర్. ఆంజనేయులు, ఆయనను నమ్మించడానికి పొరుగింటి బిడ్డను తన బిడ్డగా చూపవలసివచ్చిన మనుమరాలిగా భానుమతి నటించారు.

ఆనాటి స్వరకర్త పని ఎట్టిదో ఈనాటి విద్యార్థులు తెలిసికొనదగినది. ధ్వనిని ముక్కలు ముక్కలుగా ముద్రించి తరువాత అతికే సదుపాయం అప్పుడు లేదు. గాయని, వయొలిన్లు, వేణువు, వీణ, తబలా, అందరూ ఒకే మందిరంలో కూర్చొనవలె. పాటను మొదటి నుండి తుది వరకు ఏకబిగిన పలికించవలె. చివరి చరణంలో ఒక్క తీగ అపశ్రుతి పలికినా మళ్ళీ మొదటికి రావలసినదే. పాట నిడివికీ హద్దు కలదు. గ్రామఫోను రికార్డు ఒక వైపున పట్టేది మూడు నిమిషాల పైచిలుకు మాత్రమే. రాగం రూపు చూపవలె, మాట స్పష్టంగా వినబడవలె, సన్నివేశం నడవవలె. అంతా ఆ మూడు నిమిషాలలోనే. హార్మోనియం ముందు కూర్చొన్న స్వరకర్త ఎదుట కవి మాటలు ఒక వైపు, వాద్యబృందం ఒక వైపు, దర్శకుని కోరిక ఒక వైపు ఉంటాయి. ఆ మూడింటినీ సమాధానపరచడమే సంగీత దర్శకత్వం.

భానుమతి విషయంలో మరియొక విశేషం కలదు. 1950 నాటికి నేపథ్యగానం స్థిరపడి, నటించేవారు వేరు, పాడేవారు వేరు అయినారు. భానుమతి మాత్రం తన పాట తానే పాడుకొనే సంప్రదాయాన్ని విడువలేదు. అందుచేత ఆమె వరుస కట్టేటప్పుడు ఆ స్వరం ఏ గొంతులో పలుకుతుందో, ఆ గొంతు వెనుక ఏ ముఖకవళిక ఉంటుందో ఆమెకు ముందుగానే తెలుసు. 'చక్రపాణి'లోని ఊయలపాట ఇందుకు చక్కని నిదర్శనం. అరువు బిడ్డను ఊపుతూ పాడే పాట అది. తల్లి కాని తల్లి పాడే జోలలో లాలన ఉండవలె, కథలోని కపటం పాటను చెడగొట్టరాదు. ఆ వరుస తెలుగు ఇండ్లలో వినవచ్చే జోలపాటల చాయలోనే మెల్లగా సాగుతుంది; గమకం మాత్రం శాస్త్రం నేర్చిన గొంతుది. పాండిత్యం వరుసలో ఇమిడిపోయి పైకి కనిపించకపోవడమే ఆ పాట గొప్పతనం.

ఆత్మాభిమానం ఆమెకు బలం. అదే ఒక్కొక్కప్పుడు అవకాశాలకు అడ్డు నిలిచినది. విజయావారి 'మిస్సమ్మ'లో నాయిక పాత్రకు మొదట ఎన్నికైనది భానుమతియే. కొంత చిత్రీకరణ జరిగిన తరువాత నిర్మాత చక్రపాణికీ ఆమెకూ అభిప్రాయభేదం వచ్చినది. ఇరువురూ వెనుకకు తగ్గలేదు. ఆ పాత్ర సావిత్రికి దక్కినది. 1955లో విడుదలైన ఆ చిత్రం సావిత్రిని అగ్రశ్రేణి తారగా నిలబెట్టినది. పోయిన పాత్రను గూర్చి భానుమతి పగ పెట్టుకొనక, దాని వలన గొప్ప నటి ఒకరు వెలుగులోకి వచ్చినందుకు సంతోషించడం ఆమె హృదయవైశాల్యానికి గుర్తు. తనకు న్యాయమని తోచిన మాటను విడువకపోవడం, ఎదుటివారి ప్రతిభను చిన్నచూపు చూడకపోవడం ఒకే వ్యక్తిలో కలసి ఉండవచ్చునని దీని వలన తెలుస్తున్నది.

సినిమా పనులు ఇట్లు ముమ్మరంగా సాగుతుండగానే ఆమె కలం కూడ నడిచినది. తెలుగు హాస్యకథలలో 'అత్తగారి కథలు'కు ప్రత్యేక స్థానం కలదు. అంతకు మునుపు తెలుగు కథలోనూ నాటకంలోనూ అత్త అనగానే కోడలిని రాచి రంపాన పెట్టే గయ్యాళి రూపమే కళ్ళకు కట్టెడిది. భానుమతి సృష్టించిన అత్తగారు అటువంటిది కాదు. ఆమెకు మడీ ఆచారం మెండు. పెత్తనం చేయవలెనన్న కోరిక మెండు. లోకం పోకడ తెలియని అమాయకత్వం అంతకంటె మెండు. ఆవకాయ పెట్టినా, కొత్త వస్తువు ఇంటికి తెచ్చినా ఆమె చేతిలో అది ఒక మహాయజ్ఞమై, చివరకు నవ్వులపాలవుతుంది. ఆ కథ చెప్పే కోడలు అత్తగారిని ఎక్కడా కించపరచదు. ఆమె నవ్వులో విషం లేదు.

మునిమాణిక్యం నరసింహారావు కాంతం కథలలో భార్యను గూర్చి భర్త చెప్పుతాడు. నవ్వించేది స్త్రీ, నవ్వు పుట్టించే కలం పురుషునిది. 'అత్తగారి కథలు'లో కథ చెప్పేదీ స్త్రీయే, కథకు వస్తువైనదీ స్త్రీయే. వంటింటి మాట, పెరటి మాట, పనిమనిషితో పెట్టుకొన్న తగవు, ఇరుగు పొరుగులతో సాగే మర్యాదలు, ఇవన్నీ లోపలి నుండి చూచిన కన్నుకు కనబడినట్లు అక్షరాలలోకి దిగినవి. ఈ కథలకు ఆంధ్రప్రదేశ్ సాహిత్య అకాడమీ పురస్కారం లభించినది. సంగీతం తెలిసిన చెవి మాట నడకను ఎట్లు పట్టగలదో ఈ కథలలోని సంభాషణలు చెప్పుతాయి. ఏ మాట దగ్గర ఆగవలెనో, ఏ మాటను విరిచి పలికితే నవ్వు వస్తుందో ఆమెకు లయజ్ఞానం వలన తెలిసినది. కథకురాలూ స్వరకర్తా ఇద్దరు వ్యక్తులు కారు. ఒకే చెవి చేసిన రెండు పనులు అవి.

భరణీవారి చిత్రాలలో కథకు గల ప్రాధాన్యం కూడ ఈ సాహిత్యాభిరుచి ఫలమే. 1954 నాటి 'విప్రనారాయణ' జాతీయ చలనచిత్ర పురస్కారాలలో యోగ్యతాపత్రం పొందినది. 1961లో శరత్ చంద్రుని 'బడదీదీ' నవల 'బాటసారి'గా తెరకెక్కినది; అందులోని వితంతువు మాధవి పాత్రలో ఆమె చూపిన నిగ్రహం విమర్శకుల మన్నన పొందినది. తమిళంలో 'మలైక్కళ్ళన్', 'రంగూన్ రాధ', 'అన్నై' మున్నగు చిత్రాల ద్వారా ఆమె అక్కడి ప్రజలకూ ఆత్మీయురాలైనారు. సి. ఎన్. అన్నాదురై ఆమెను నటనకు వ్యాకరణమని కొనియాడినారు. 1966లో భారత ప్రభుత్వం పద్మశ్రీ బిరుదుతో సత్కరించినది.

వయస్సు మళ్ళుతున్న కొలదీ నాయిక వేషాలు తగ్గుతాయి. చాలమంది నటీమణులకు అది ప్రస్థానపు ముగింపు. భానుమతికి అది మరియొక అధ్యాయపు ఆరంభం. 1972లో 'అంతా మన మంచికే' చిత్రానికి ఆమె దర్శకత్వం వహించారు. సత్యంతో కలసి సంగీతం కూర్చినారు. 1974లో 'అమ్మాయి పెళ్ళి'కీ దర్శకత్వం ఆమెదే. సంగీతంలో సత్యం తోడు. 1982లో బాలబాలికలనే నటులుగా పెట్టి 'భక్త ధ్రువ మార్కండేయ' నిర్మించారు. పౌరాణిక పాత్రలన్నీ పిల్లలే ధరించిన ఆ చిత్రం లాభనష్టాల లెక్కకు లొంగని సాహసం. ఈ చిత్రాలన్నీ 'లైలా మజ్ను' వలె, 'మల్లీశ్వరి' వలె జనహృదయంలో నిలిచినవని చెప్పలేము. ప్రేక్షకుల రుచి మారినది, పాట పోకడ మారినది. అయినను యాభైయేళ్ళ వయస్సు చేరువలో ఒక నటి నడివయస్సు స్త్రీని కథకు కేంద్రంగా నిలిపి, ఆ కథను తానే నడిపించుకొనడం ఆనాటి పరిశ్రమలో మామూలు సంగతి కాదు.

ఇక్కడ ఒక సత్యాన్ని గుర్తింపవలె. భానుమతి సంగీత దర్శకత్వం ప్రధానంగా స్వంత సంస్థ చిత్రాలకే పరిమితమైనది. ఆమె గొంతు కావలెనని, ఆమె నటన కావలెనని కోరినవారు ఎందరో. ఆమె వరుసలు కావలెనని పిలిచినవారు అరుదు. స్వరకర్త పీఠం మీద స్త్రీని ఊహించుకొనే అలవాటు పరిశ్రమకు లేదు. స్వంత స్టూడియో, అండగా నిలిచిన భర్త లేకపోయినచో ఆమెలోని స్వరకర్త వెలుగు చూచెడిదా అన్న ప్రశ్న సహజంగా పుడుతుంది. స్టూడియో లేని, అండ లేని ఎందరు స్త్రీల వరుసలు వారి వంటిండ్లలోనే మూగవోయినవో లెక్క కట్టేవారు లేరు.

1986లో రామకృష్ణారావు కన్నుమూసినారు. నాలుగు దశాబ్దాల పైబడిన సాహచర్యం అది. ఆ దుఃఖాన్ని దిగమింగుకొని ఆమె పనిలోనే ఊరట వెదుక్కొన్నారు. మద్రాసులోని ప్రభుత్వ సంగీత కళాశాలకు అధ్యక్షత వహించి, తండ్రి తనకు పెట్టిన విద్యాభిక్షను పిల్లలకు పంచినారు. అంతకు రెండేళ్ళ ముందే, 1984లో, 'మంగమ్మగారి మనవడు'లో బామ్మ పాత్రతో కొత్త తరం ప్రేక్షకులను గెలుచుకొన్నారు. ఆత్మకథ 'నాలో నేను' సినిమా గ్రంథాలకిచ్చే జాతీయ పురస్కారం పొందినది. రఘుపతి వెంకయ్య పురస్కారం, విశ్వవిద్యాలయాల గౌరవ డాక్టరేట్లు, పద్మభూషణ్ ఆమెను వరించినవి. 2005 డిసెంబరు 24వ తేదీన చెన్నైలో భానుమతి పరమపదించారు. అప్పటికి ఆమెకు ఎనుబదియేళ్ళు.

ఆమెను గూర్చి పాఠశాలలలో చెప్పవలసి వచ్చినప్పుడు గొప్ప నటి అన్న ఒక్క మాటతో సరిపుచ్చడం పరిపాటి. అది అబద్ధం కాదు, అరకొర సత్యం. ఆమె జీవితం నుండి విద్యార్థి, విశేషించి విద్యార్థిని, నేర్వదగిన పాఠం మరియొకటి కలదు. చక్కని గొంతు పుట్టుకతో రావచ్చును. ఆ గొంతు ఏ పాట పాడవలెనో, ఆ పాట ఏ కథలో ఇమడవలెనో నిర్ణయించే అధికారం మాత్రం పుట్టుకతో రాదు. దానికి శాస్త్రం చదువవలె, వ్రాత నేర్వవలె, పనిముట్లు పట్టవలె, అవసరమైనచో వచ్చిన అవకాశాన్ని వదలుకొనే ధైర్యం ఉండవలె. భానుమతి ఇవన్నీ చేసినారు.

ఇక ముందు 'చక్రపాణి' పాటలు వినేవారు ఆ కంఠమాధుర్యానికి మురిసి ఊరకుండక, పేర్ల పట్టికలో సంగీతం అన్న మాట ప్రక్కన ఉన్న పేరును కూడ ఒకసారి చదువవలె. గొంతు ఎవరిదో వరుసా వారిదే.